ఉప్పుబావుల ఊరి థంబౌ

థంబౌకి బాగా చిన్నప్పటి జ్ఞాపకం ఏదంటే, రాజుగారు గుర్రం మీంచి కింద పడడం.

రాజధానిలో, కంగ్లా కోట పక్క మైదానంలో కంగ్జెయ్ ఆడుతున్నారు. పొట్టి గుర్రాలు, వంపు కర్రలు, వెదురు దుంపతో చెక్కిన బంతి. ముందురోజు వాన పడి నేలంతా చిత్తడిగా ఉంది. బంతి కోసం ఒకేసారి రెండు గుర్రాలు దూసుకొచ్చాయి. ఒకదాని మీద రాజుగారు, రెండోదాని మీద థంబౌ తండ్రి తోలొంబా. గుర్రాల భుజాలు రాసుకున్నాయి. మరుక్షణం రాజుగారు బురదలో వెల్లకిలా ఉన్నారు. తల్లి సనాహన్బి థంబౌ చేతిని ఎంత గట్టిగా నొక్కిందంటే, ఆ పిల్ల ఏడుపు లంకించుకుంది.

రాజుగారు లేచారు. నోట్లో మట్టి ఉమ్మి, నడుము పట్టుకుని, పగలబడి నవ్వారు.

"తోలొంబా! కోటలో వంగి వంగి దణ్ణాలు పెట్టేవాడివి నువ్వేనా? ఇక్కడికొస్తే ఎముకలు విరగ్గొడుతున్నావు!"

"చూపంతా బంతి మీదే ఉంది ఏలినవారూ. మనిషి ఆనలేదు."

"ఆనక్కర్లేదులే. ఎక్కు, ఎక్కు. ఆట ఇంకా అవలేదు."

అలాంటి రాజు. మంచు ఆరకముందే కాలువ గట్టు మీద కనిపించేవాడు. గాదెల్లో చెయ్యి పెట్టి, గుప్పెడు ధాన్యం తీసి వాసన చూసేవాడు. ఆడవాళ్ల తగువులు ఆడవాళ్లే తేల్చాలని పెద్ద ముత్తైదువల సభకి వదిలేసేవాడు. అంగట్లో కూర్చున్న ముసలమ్మలు ఆయన్ని పిలిచి, "మా వైపు వంతెన ఊగుతోంది, చూసుకున్నావా?" అని నిలదీస్తే, తల గోక్కుంటూ నిలబడేవాడు. ఆ రోజుల్లో కంగ్లా దగ్గర పుట్టి పెరిగినవాళ్లు ముసలితనంలో ఎక్కడున్నా సరే, ఈ మాటలు చెప్పుకుంటుంటే వాళ్ల గొంతులో ఒక రకమైన మెత్తదనం వచ్చేది. థంబౌ గొంతులోనూ వచ్చేది. ఆ రాజే ఆమె తలరాత మార్చాడన్నది వేరే సంగతి.

ఇంటింటి మగవాళ్లూ వంతులవారీగా రాజు పనికి వెళ్లాలి. లాలుప్ అంటారు దాన్ని. కాలువ తవ్వడమైనా, పడవ చెక్కడమైనా, యుద్ధమైనా పిలుపు వస్తే కదలాల్సిందే. రాజ్యంలో ఒక పెద్ద భాగానికి ఆ వంతులు చూసేవాడు తోలొంబా. ఆ ఏడు నది పక్కన కొత్త కాలువ తవ్వకం నడుస్తోంది. వానలు ముదిరేలోగా గట్టు పూర్తి కావాలని రాజుగారి ఆజ్ఞ. చెప్పి ఆయన తూర్పు కొండల మీదికి దండు తీసుకెళ్లారు.

వానలు ఆగలేదు, నారు కూడా ఆగలేదు. మళ్లలో మొక్క ముదిరిపోతోంది. గట్టు మీద తట్టలు మోస్తున్నవాళ్లు తలెత్తితే తమ పొలాలు కనిపించేవి. ఒక మధ్యాహ్నం తోలొంబా పలుగు కింద పడేసి, "పొండి. నాట్లు వేసుకుని రండి" అన్నాడు. ముందు ఎవరూ నమ్మలేదు. తర్వాత అరుపులు, కేకలు, పరుగులు. ఆ రోజు ఇంటికొచ్చిన తండ్రి ముఖం థంబౌకి బాగా గుర్తుంది. దొంగతనం చేసి పట్టుబడని పిల్లాడిలా ఉంది.

నాట్లు పడ్డాయి. గట్టు సగంలో ఉండగానే ఎగువన కుండపోత కురిసి, నీళ్లు ఆ సందులోంచి విరుచుకుపడ్డాయి. కింద జాలరుల గుడిసెలు కొట్టుకుపోయాయి. కొందరు చనిపోయారు. వాళ్లలో తాంఫా అనే ఆమె భర్త ఒకడు.

రాజుగారు తిరిగి రాగానే ఆ తాంఫా కోట ముంగిట్లోకి వచ్చి నిలబడింది. తడి ఆరని జుట్టు, చంకలో పిల్ల. ఆడవాళ్ల వైపు తల్లి పక్కన కూర్చున్న థంబౌ ఆమెను చూసి భయపడింది.

"గట్టు పూర్తయ్యుంటే నా మొగుడు బతికుండేవాడు. గట్టు వేసేవాళ్లని పంపేసినవాడు ఎవడో, వాణ్ణి అడగడానికి వచ్చాను" అంది తాంఫా.

రాజుగారు తోలొంబా వైపు తిరిగారు. "నువ్వేనా పంపింది?"

"నేనే."

"ఎవరినడిగి?"

"నారునడిగి, ఏలినవారూ. ఇంకొన్నాళ్లు ఆగుంటే నాటినా గింజ పట్టేది కాదు."

"నన్నెందుకు అడగలేదు? గుర్రం లేదా? కబురు తెచ్చే మనిషి లేడా?"

"అడిగితే కాదంటారని."

రాజుగారి ముఖంలో కోపం ఉంటుందేమోనని థంబౌ చూసింది. కోపం లేదు. అంతకంటే భారమైనదేదో ఉంది.

"నువ్వు చెప్పిందీ నిజమే. ఈమె మొగుడు పోయిందీ నిజమే. నాతో ఆడేవాడివని నిన్ను వదిలేస్తే, రేపు ఇలాంటివాళ్లు నా ముంగిట్లోకి రారు తోలొంబా. ఉప్పుబావులకి వెళ్లు. ఇంటిల్లిపాదీ."

ఉప్పుబావుల ఊళ్లకి పంపడమంటే చావు శిక్ష కంటే ఒక మెట్టు కింద. అక్కడివాళ్ల చేతి వంట రాజధానిలో ఎవరూ తినరు. వాళ్లతో వియ్యం అందరు. పేరు ముందు వంశం పోతుంది. తాంఫా పిల్లని మరో చంకకి మార్చుకుని, ఎవరి వంకా చూడకుండా వెళ్లిపోయింది.

సనాహన్బి ఏడవలేదు. ఇంటి నైరుతి మూల ఉన్న దేవుణ్ణి కొత్త గుడ్డలో చుట్టి తల మీద పెట్టుకుంది. మగ్గం కర్రలు తోలొంబా భుజాన ఎత్తింది. థంబౌ చేతికి ఒక ఇత్తడి చెంబు ఇచ్చింది. పొలాల మధ్యలోంచి తూర్పుగా నడిచారు. దారి పొడవునా కొత్తగా నాటిన వరి, గాలికి ఒక పక్కకి వాలి లేస్తోంది. తండ్రి అడుగడుక్కీ ఆ మొక్కల్నే చూస్తూ నడిచాడు.

వాళ్లని పంపిన ఉప్పుబావుల ఊరు నింగేల్, కొండ అడుగున ఉంటుంది. దూరం నుంచి చూస్తే ఊరు తగలబడుతోందేమో అనిపించింది థంబౌకి. దగ్గరికి వెళ్తే అది పొగ, ఆవిరి. పొడవాటి మట్టి పొయ్యిల మీద వరసగా వెడల్పాటి మట్టి మూకుళ్లు, వాటిలో కుతకుతలాడే ఉప్పునీళ్లు, ఇంటి కప్పులన్నీ నల్లగా మసిబారి, ఆడవాళ్ల కనుబొమ్మల మీద తెల్లగా పొడి.

వాళ్లకిచ్చిన గుడిసె గుమ్మంలోకి మొదట వచ్చింది ఖొందోన్బి అనే ముసలామె. ఊరంతా ఆమెను ఇబెన్ అనే పిలిచేవారు, అంటే అవ్వ. అరటాకులో ఒక ఉప్పు బిళ్ల, దోసెడు అన్నం తెచ్చింది. సనాహన్బి ఉప్పు తీసుకుంది. అన్నం చూసి, "మాకు వండుకోవడానికి ఉందమ్మా" అంది.

ఇబెన్ నవ్వింది. "అర్థమైందిలే దొరసానీ. ఆకలి వేస్తే చెప్పు."

ఆ మాట ఊరంతా పాకింది. దొరసాని పొయ్యి పొగ కూడా మన పొగతో కలవదట, అని బావి దగ్గర నవ్వుకునేవారు. సనాహన్బి ఏళ్ల తరబడి అలాగే ఉంది. తన కుండ తనది, తన నీళ్లు తనవి. తను నేసిన ఫనెక్ బట్టల్ని ఊరి ఆడవాళ్లు నడుముకి చుట్టుకునేవాళ్లు, ఆమె మాత్రం వాళ్లింట్లో మంచినీళ్లు కూడా ముట్టలేదు. ఎప్పటికైనా కబురు వస్తుందని, పడమటి దారి కనిపించేలా మగ్గం వేసుకుని కూర్చునేది.

తోలొంబా దారి వేరు. మొదటి రోజు కట్టెలు మోయమంటే ఎత్తలేక మోపు జారవిడిచాడు. పక్కనున్నవాడు, "దొరా, కట్టెల మోపంటే కంగ్జెయ్ కర్ర కాదు. తిప్పితే తిరగదు" అన్నాడు. రాజధాని వదిలాక తండ్రి నవ్వడం థంబౌ అప్పుడే విన్నది. ఆ తర్వాత ఆయన భుజం మీద కాయ కాచింది, నడక మారింది. ఊరి మగవాళ్లతో కూర్చుని బియ్యపు సారా తాగుతూ గుర్రాల కథలు చెప్పేవాడు. ఒక్కోసారి మధ్యలో ఆగిపోయేవాడు. వరద గుర్తొచ్చిందని థంబౌకి తెలిసిపోయేది.

థంబౌ మాత్రం ఇబెన్ కొంగు పట్టుకుని పొయ్యిల దగ్గరే పెరిగింది. నీళ్లు మరిగి మరిగి పాయసంలా చిక్కబడ్డాక, వేడి మీదే ఆకులోకి తీసి అరచేత్తో తట్టి గుండ్రంగా చేయాలి.

"కాలుతోంది ఇబెన్!"

"కాలుతుంది మరి. చెయ్యి భయపడితే బిళ్ల విరుగుతుంది. తట్టు."

థంబౌ తట్టింది. విరిగింది. మళ్లీ తట్టింది. చేతులు బొబ్బలెక్కి, మానిపోయి, గట్టిపడ్డాయి. పొద్దున్నే చలిలో మూకుడు పక్కన కూర్చుంటే ముఖానికి తగిలే ఆ వెచ్చని ఆవిరి, పెదాల మీద ఎప్పుడూ ఉండే ఆ ఉప్పన, పొయ్యి నిప్పుల్లో కాల్చుకు తిన్న చేమదుంపలు. పెద్దయ్యాక వెనక్కి తిరిగి చూసుకుంటే బాల్యమంటే ఆమెకు ఇదే.

రాజు వాటా పోగా మిగిలిన ఉప్పుని ఆడవాళ్లు తట్టల్లో పెట్టుకుని రాజధాని అంగడికి వెళ్లేవారు. వయసొచ్చాక థంబౌ కూడా వెళ్లింది. ఒకసారి ఎండుచేపల తట్ట ముందు కూర్చున్న మనిషి ఆమెను పిలిచింది. ఉప్పు బిళ్ల తిప్పి తిప్పి చూస్తూ, "మీ ఊళ్లో తోలొంబా అనే ఆయన ఉన్నాడా ఇంకా?" అని అడిగింది.

చంకలో పిల్ల లేదు, జుట్టు నెరిసింది, కానీ ఆ కళ్లు మాత్రం అవే.

"ఉన్నాడు. నేను ఆయన కూతుర్ని."

తాంఫా తట్టలోంచి ఎండుచేపలు తీసి, ఆకులో చుట్టి థంబౌ ముందు పెట్టింది.

"ఆ ఏడు మీ నాన్న పంపించినవాళ్లు నాటిన వరి నేనూ తిన్నాను. పిల్లకీ పెట్టాను. తింటూనే మీ నాన్నని తిట్టాను. ఇప్పుడు తిట్టడం లేదని చెప్పు. క్షమించానని మాత్రం చెప్పకు. అది నాకే తెలీదు."

థంబౌ ఇంటికి వెళ్లి ఉన్నదున్నట్టు చెప్పింది. తోలొంబా ఆ ఎండుచేపల్ని చేతిలో పట్టుకుని బయటికి వెళ్లి, చీకటి పడేదాకా రాలేదు.

బావిలోంచి ఉప్పునీళ్లు తోడేవాడు అంగౌ. బావంటే పెద్ద చెట్టుమాను తొలిచి భూమిలోకి దింపిన గొట్టం. రోజూ తోడబోయే ముందు బావి అమ్మవారికి చేతులు జోడించేవాడు, జోడించగానే థంబౌ వైపు తిరిగి ఏదో ఒకటి అనేవాడు.

"ఏంటి కోట పిల్లా, ఇవాళ నీ బిళ్ల నా మొహంలా ఉందే?"

"నీ మొహం కంటే నున్నగానే ఉందిలే."

"అయితే మొహం కూడా తట్టి పెట్టరాదూ?"

"దగ్గరికి రా, తడతాను."

ఇబెన్ పొయ్యిలో కట్టె ఎగదోస్తూ, ఏమీ వినబడనట్టు నటించేది. ఒక సాయంత్రం థంబౌ ఇంటికి రాలేదు, అంగౌతో వెళ్లిపోయింది. అక్కడి ఆనవాయితీ ప్రకారం పొద్దున్నే అంగౌ తరఫు పెద్దలు పళ్లూ తమలపాకులూ పట్టుకుని సనాహన్బి గుమ్మం ముందు నిలబడ్డారు.

కూతురు ఎదుటికి వచ్చినా సనాహన్బి మగ్గం మీంచి లేవలేదు.

"ఏం చేశావో తెలుసా నీకు? ఇక్కడి వాణ్ణి కట్టుకున్నాక రేపు కబురొచ్చినా నువ్వు రాలేవు. దారి మూసేసుకున్నావు."

"ఇమా, ఆ దారి చూస్తున్నది నువ్వొక్కదానివే" అంది థంబౌ. ఇమా అంటే అమ్మ.

ఆ మాట అన్నందుకు తర్వాత చాలా బాధపడింది. కానీ అనేసింది.

కబురు నిజంగానే వచ్చింది. థంబౌ పెద్ద కొడుకు పాకే వయసులో, ఒక రౌతు వచ్చి ఊరందరినీ బావి దగ్గరికి పిలిచాడు. ఇకనుంచి నాట్ల రోజుల్లో ఏ ఇంటి మగవాణ్ణీ రాజు పనికి పిలవకూడదని ఆజ్ఞ. మగవాళ్లు గొంతులు చించుకుని అరిచారు. తోలొంబా కళ్లు తుడుచుకున్నాడు. రౌతు ఆగి, ఆయన వంకే చూస్తూ రెండో మాట చెప్పాడు. తోలొంబా భార్యతో సహా తన పాత ఇంటికి తిరిగి రావచ్చు.

"నా కూతురో?"

"ఈ ఊరి కోడలు ఈ ఊరి మనిషే. నీకు తెలియందేముంది?"

"అయితే ఏలినవారికి నా దణ్ణాలు చెప్పు. ఆజ్ఞ విని కడుపు నిండిందని చెప్పు. నేను రాను."

"నేను వస్తాను" అంది సనాహన్బి.

అందరూ తిరిగి చూశారు. థంబౌ తన కొడుకుని ఆమె చేతుల్లోంచి తీసుకుని, "వెళ్లమ్మా. ఇన్నేళ్లు దానికోసమే కదా బతికావు. నాకేం కోపం లేదు" అంది. ఆ మాట అబద్ధం కాదు. పూర్తిగా నిజమూ కాదు.

దేవుణ్ణి గుడ్డలో చుట్టి తల మీద పెట్టుకుని సనాహన్బి పడమటి దారిన వెళ్లిపోయింది. ఆ వానాకాలం గడిచింది. కోతలయ్యాయి. తోలొంబా గుడిసెలో వంట థంబౌయే చేసిపెట్టేది. ఖాళీగా పడున్న మగ్గం వైపు చూడకుండా ఆయన తినేవాడు.

చలికాలంలో ఒకరోజు అంగడి నుంచి తిరిగొస్తున్న ఉప్పు ఆడవాళ్ల వెనకాల, తల మీద అదే మూటతో సనాహన్బి వచ్చింది. వచ్చి పొయ్యిల దగ్గర కూలబడింది.

"ఏమైంది ఇమా? ఎవరేమన్నారు?"

"ఎవరూ ఏమీ అనలేదు. పాత ఇంట్లో ఒక్కదాన్నే ఎందుకని మా అన్నయ్య తనింటికి తీసుకెళ్లాడు. ఇల్లు బాగుంది. వదిన ఇంకా బాగుంది. పొద్దున లేస్తే పలకరించేవాళ్లే." పొయ్యిలోకి ఒక కట్టె తోసింది. "కూర వేసుకుని ముద్ద కలిపేసరికి, ఈ ఉప్పు నీ చేతిదేమో అనిపించేది. నీ చేతి ఉప్పు వాళ్ల కూరలో పడుతుందట, నువ్వు మాత్రం ఆ గడప తొక్కకూడదట. మా వదినని అడిగాను. అది అంతే కదా, అంది. అంతే కదా అని నేనూ ఇన్నాళ్లూ అనుకున్నదాన్నే. కానీ అక్కడ కూర్చుంటే గొంతు దిగలేదే."

ఇబెన్ ఖొందోన్బి అప్పటికి బాగా ముసలిదైపోయింది. పొయ్యి పక్కనుంచి పాక్కుంటూ వచ్చినట్టే వచ్చి, ఆకులో అన్నం, ఎండుచేపలు కలిపి మెదిపిన ఎరొంబా కూర ముద్ద పెట్టి ముందుకు తోసింది.

"ఆకలి వేస్తే చెప్పమన్నాను. ఇన్నేళ్లు పట్టిందా దొరసానీ, ఆకలి వెయ్యడానికి?"

సనాహన్బి నవ్వబోయి ఏడ్చి, ఏడుస్తూనే తిన్నది. తోలొంబా కట్టెల మోపుతో వచ్చి ఆ దృశ్యం చూసి, మోపు దించడం మర్చిపోయి అలాగే నిలబడ్డాడు.

ఆ తర్వాతి సంవత్సరమో, ఆ పై సంవత్సరమో, బావి అమ్మవారి కొలువుకి రాజుగారే స్వయంగా వచ్చారు. గుర్రం మీద కాదు, పల్లకీలో. చిక్కిపోయారు. కొలువయ్యాక తోలొంబాను పిలిపించుకున్నారు. థంబౌ మూకుడు దగ్గర ఉండి అంతా విన్నది.

"నా కబురు అందలేదా?"

"అందింది ఏలినవారూ."

"మరి రాలేదే?"

"నా మనవలు ఇక్కడున్నారు."

రాజుగారు ఊరి మసి కప్పుల వైపు చూశారు. "మార్చగలిగినంత మార్చాను తోలొంబా. అన్నీ నా చేతిలో లేవు. ఉన్నాయని జనం అనుకుంటారు."

"నాట్ల మాట మార్చారు. అది చాలామంది కడుపు నింపుతుంది."

"అది నీ మాటే. నాకు తలకెక్కడానికి ఆలస్యమైంది."

లేచి నాలుగడుగులు వేసి, రాజుగారు థంబౌ ముందు ఆగారు. ఆమె అప్పుడే తట్టిన బిళ్ల ఇంకా వేడిగా ఉంది. చెయ్యి చాచారు. పక్కనున్న పరివారం ఉలిక్కిపడింది. ఎన్నో ఏళ్లుగా, ఈ మనిషి ఎదురుపడితే ఇలా అడగాలి, అలా అడగాలి అని మనసులో పేర్చుకున్న మాటలు థంబౌకి ఒక్కటీ రాలేదు. బిళ్ల ఆయన అరచేతిలో పెట్టింది.

"కాలుతోంది" అన్నారు రాజుగారు.

"కాలుతుంది ఏలినవారూ. రెండో చేతిలోకి మార్చుకోండి."

ఆయన చిన్నపిల్లాడిలా ఆ చేతినుంచి ఈ చేతికి మార్చుకుంటూ పల్లకీ వరకు వెళ్లారు.

ముసలితనంలో థంబౌని మనవరాళ్లు అడిగేవారు, ఆయన మంచి రాజేనా అని. "మంచి రాజే. మన ఊరిని మాత్రం ఉన్నచోటే ఉంచాడు. అయినా మంచి రాజే" అనేది. వాళ్లకి అర్థమయ్యేది కాదు. తర్వాతి రాజుల కాలంలో ఆ నాట్ల ఆజ్ఞను కొందరు పాటించారు, కొందరు మరిచిపోయారు. మరిచిపోయినప్పుడల్లా ఊళ్లో ముసలివాళ్లు ఆయన్ని తలుచుకునేవారు.

రాజుగారు పోయిన వార్త కట్టెలు తెచ్చేవాళ్ల వెంట వచ్చింది. సూతకానికి పొయ్యిలన్నీ ఆర్పేయమన్నారు. ఏళ్ల తరబడి ఆరని నిప్పు. నీళ్లు చల్లుతుంటే బుసలు కొట్టింది. ఆ రోజుల్లో ఊరి మీద పొగ లేదు, ఆవిరి లేదు. వెనకనున్న కొండ చెట్టు చెట్టుగా కనిపించింది. పుట్టి బుద్ధెరిగాక అంత స్పష్టంగా చూడలేదని అంగౌ అన్నాడు. తోలొంబా రోజంతా బావి గట్టు మీద ఒక్కడే కూర్చున్నాడు. ఎవరూ పలకరించలేదు.

సూతకం తీరాక మళ్లీ నిప్పు వెయ్యబోతే కట్టెలు మంచుకి తడిసి అంటుకోలేదు. థంబౌ మోకాళ్ల మీద కూర్చుని ఊదింది. అంగౌ ఊదాడు. పొగ మాత్రం వచ్చింది, కళ్లు మండిపోయేంత. పక్క పొయ్యి దగ్గర సనాహన్బి దగ్గుతూ, "నిప్పు రాజెయ్యడం కూడా చేతకాదా మీకు? జరగండి అవతలికి!" అని ఊరి ఆడవాళ్లందరి మీదా కేకలేసి, ఫనెక్ ఎగదోపుకుని తనే ఊదడానికి కూర్చుంది.